ఋణ భిన్నాల కూడిక: ముడి ఒకటి కాదు, రెండు

−3/4కు 5/6 కలపమంటే వచ్చే జవాబులు చిత్రంగా ఉంటాయి. ఒకరు 2/10 అంటారు. ఇంకొకరు −19/12 అంటారు. మరొకరు లెక్కంతా సరిగ్గానే చేసుకొచ్చి, చివర్లో −1/12 అని రాసి పేజీ తిప్పేస్తారు. సరైన జవాబు 1/12. ఈ మూడు తప్పులనూ ఒకే గాటన కట్టి, లెక్కలు రావని తేల్చేయడం సులువే. కానీ అవి మూడు వేర్వేరు చోట్ల పుట్టిన తప్పులు. మొదటిది హారం దగ్గర పుట్టింది, రెండోది మైనస్ గుర్తు ఎంతవరకు వర్తిస్తుందన్న దగ్గర, మూడోది ఆ గుర్తును ఎప్పుడు పట్టించుకోవాలన్న దగ్గర. తప్పు ఎక్కడ పుట్టిందో చూడకుండా మళ్లీ చేయమంటే మళ్లీ అదే తప్పు వస్తుంది.

నన్నడిగితే, ఋణ భిన్నాల కూడిక అని ఒక ప్రత్యేకమైన విద్య ఏదీ లేదు. హారాలను సమానం చేయడం ఒక పని. ధన, ఋణ పూర్ణ సంఖ్యలను కలపడం వేరే పని. రెండూ విడివిడిగా బాగా వచ్చినవాళ్లు కూడా అవి ఒకే లెక్కలో ఎదురైతే తడబడతారు, ఎందుకంటే రెంటినీ ఒకేసారి బుర్రలో తిప్పుతారు. మొదటి పని పూర్తిగా ముగించాకే రెండోదాన్ని ముట్టుకుంటే ఇక అక్కడ చిక్కేమీ మిగలదు. 628లో బ్రహ్మగుప్తుడు రాసిన బ్రాహ్మస్ఫుటసిద్ధాంతంలో కూడా ఈ రెండూ రెండు చోట్ల ఉన్నాయి: భిన్నాల పద్ధతులు పన్నెండో అధ్యాయంలో, ధన, ఋణ, శూన్యాల నియమాలు పద్దెనిమిదో అధ్యాయంలో. ఆయన మన చిక్కు తీర్చడానికే అలా విడదీశాడని చెప్పలేం గానీ, ఆ విభజన మాత్రం మనకు పనికొస్తుంది.

ముందు హారం సంగతి. భిన్నంలో పైనున్న లవం ఎన్ని ముక్కలో చెబుతుంది, కిందనున్న హారం ఆ ముక్క ఎంతటిదో చెబుతుంది. 5/6 అంటే ఆరో వంతులు ఐదు, 3/4 అంటే నాలుగో వంతులు మూడు. కలపగలిగేది ముక్కల సంఖ్యను మాత్రమే, అదీ ముక్కలన్నీ ఒకే పరిమాణంలో ఉన్నప్పుడే. 3 గంటలకు 40 నిమిషాలు కలిపి 43 అని ఎవరూ అనరు, ఆ 43 గంటలూ కాదు, నిమిషాలూ కాదు. 3 గంటలను 180 నిమిషాలుగా మార్చి, దానికి 40 కలిపి, 220 నిమిషాలు అంటారు. నిమిషం గంటలో అరవయ్యో వంతు కాబట్టి నిజానికి ఇది పోలిక కూడా కాదు. 3/1కు 40/60 కలపడమే.

గంటల విషయంలో ఎవరూ చేయని తప్పును భిన్నాల విషయంలో ఎందుకు చేస్తారు? లవాలకు లవాలు, హారాలకు హారాలు కలిపేయడం చూడటానికి ఎంతో న్యాయంగా కనిపిస్తుంది కనుక. గుణకారంలో లవాలను లవాలతో, హారాలను హారాలతో గుణిస్తాం కదా, కూడికకు మాత్రం ఆ పద్ధతి ఎందుకు చెల్లదు? ఇది మంచి ప్రశ్న. అలా చేయకూడదని కసరడం దానికి జవాబు కాదు.

జవాబు కావాలంటే −1/2కు −1/2 కలిపి చూడండి. పైవి పైవాటితో, కిందివి కిందివాటితో కలిపితే −2/4 వస్తుంది, అంటే మళ్లీ −1/2. సున్నాకు ఎడమవైపు సగం దూరంలో నిలబడి, ఇంకో సగం ఎడమకు జరిగినా ఉన్నచోటే ఉన్నామన్నమాట. రావలసింది −1. ఇంతకన్నా గట్టి అభ్యంతరం మరొకటి ఉంది. 5/6ను 10/12 అని రాసినా అదే సంఖ్య. కానీ ఈ పద్ధతిలో −3/4తో 5/6ను కలిపితే 2/10, అంటే 1/5 వస్తుంది. −3/4తో 10/12ను కలిపితే 7/16 వస్తుంది. సంఖ్యలు అవే. రాసిన తీరు మారగానే మొత్తం మారిపోయింది. రెండు సంఖ్యల మొత్తం ఆ సంఖ్యల మీద ఆధారపడాలి గానీ వాటిని కాగితం మీద ఎలా రాశామన్నదాని మీద కాదు. గుణకారానికి ఈ జబ్బు లేదు: 5/6 బదులు 10/12 రాసి గుణించినా చివరికి అదే విలువ వస్తుంది. తేడా అక్కడుంది.

అలాగని ఆ పద్ధతి పూర్తిగా పనికిమాలినదీ కాదు. హారాలు రెండూ ధనంగా ఉంటే, అలా వచ్చే భిన్నం ఎప్పుడూ ఇచ్చిన రెండు భిన్నాల మధ్యలోనే పడుతుంది. 1/5 చూడండి, 7/16 చూడండి, రెండూ −3/4కూ 5/6కూ నడుమ ఉన్నవే. రెండు భిన్నాల మధ్య మూడో భిన్నం ఒకటి కావాలంటే ఇంత తేలికైన దారి ఇంకొకటి లేదు. పూర్ణ సంఖ్యల ధర్మాలను పరిశీలించే సంఖ్యా సిద్ధాంతంలో ఫేరీ శ్రేణులు అనే అధ్యయనమంతా దీని చుట్టూ తిరుగుతుంది. కాబట్టి 2/10 రాసిన విద్యార్థి ఒక ప్రశ్నకు సరైన సమాధానమే ఇచ్చాడు, కాకపోతే అడిగిన ప్రశ్న అది కాదు. ఇందులోనే ఒక పరీక్ష కూడా దొరుకుతుంది. రెండు ఋణ భిన్నాలను కలిపితే మొత్తం ఆ రెంటికన్నా ఎడమవైపు ఉండి తీరాలి. జవాబు వాటి మధ్యలో పడిందంటే హారాలను కలిపేశారని వెంటనే అనుమానించవచ్చు.

ఇక మైనస్ సంగతి. −3/4 అని రాసినప్పుడు ఆ మైనస్ ఎవరిది? లవానిదా, హారానిదా, మొత్తం భిన్నానిదా? 3/4కు ఏది కలిపితే సున్నా వస్తుందో అదే −3/4. (−3)/4ను 3/4కు కలిపితే లవం 0 అవుతుంది, అంటే నాలుగో వంతులు సున్నా. కనుక −3/4, (−3)/4 ఒకటే. 3/(−4)ను తీసుకుని పైనా కిందా −1తో గుణిస్తే అదీ (−3)/4 అవుతుంది. మూడు చోట్లలో ఎక్కడ పెట్టినా విలువ మారదు కాబట్టి ఎక్కడ పెట్టాలన్నది మన ఇష్టం. ఆ ఇష్టాన్ని ప్రతిసారీ మార్చుకోకపోవడమే తెలివి.

లవానికే ఇచ్చేయండి. హారం ముక్క పరిమాణాన్ని చెబుతుందనుకున్నాం, పరిమాణానికి కుడి ఎడమలు ఉండవు. ఎన్ని ముక్కలు, ఏ వైపు అన్నదే లవం చెప్పే మాట. అప్పుడు −3/4 అంటే "నాలుగో వంతులు, మైనస్ మూడు" అవుతుంది. అకరణీయ సంఖ్యకు (రెండు పూర్ణ సంఖ్యల భిన్నంగా రాయగలిగే సంఖ్యకు) ప్రామాణిక రూపం అని పాఠ్యపుస్తకాల్లో ఉండే నిర్వచనంలో మొదటి షరతు కూడా ఇదే, హారం ధన సంఖ్య కావాలి. (లవ హారాలకు 1 తప్ప వేరే ఉమ్మడి కారణాంకం ఉండకూడదన్నది రెండో షరతు, దాని పని చివర్లో పడుతుంది.) లెక్కలో 5/(−6) కనిపిస్తే ముందుగా దాన్ని (−5)/6గా మార్చాలి. (−2)/(−9) కనిపిస్తే 2/9గా మార్చాలి. ఇవన్నీ క.సా.గు. (కనిష్ఠ సామాన్య గుణిజం) జోలికి పోకముందే చేయవలసినవి. ఋణ హారాన్ని అలాగే ఉంచి క.సా.గు. తీయబోతే గుర్తులు ఎక్కడ మాయమవుతాయో, ఎక్కడ రెండవుతాయో చెప్పలేం. −3/4లో ఉన్నది ఒకే మైనస్. దాన్ని పైకీ కిందికీ చెరొకటి పంచి (−3)/(−4) అని రాస్తే అది 3/4 అయి కూర్చుంటుంది.

మొదట్లో చెప్పిన −19/12 తప్పు కూడా మైనస్ హద్దుకు సంబంధించిందే. −3/4 + 5/6లో మైనస్ 3/4కు మాత్రమే చెందుతుంది. −19/12 రాసినవారు దాన్ని మొత్తం వరసకు పులిమి −(3/4 + 5/6) అని చదివారు. ముందు 9/12, 10/12 కలిపి 19/12 తెచ్చి, ఆపైన మైనస్ తగిలించారు. మైనస్‌ను లవంలోకి దించి (−3)/4 + 5/6 అని రాసుకుని ఉంటే ఇలా చదివే వీలే ఉండేది కాదు.

ఇప్పుడు హారాలను సమానం చేద్దాం. నాలుగో వంతులు, ఆరో వంతులు రెండూ సరిగ్గా ఇమిడే ముక్క ఏది? పన్నెండో వంతు. ఒక నాలుగో వంతులో మూడు పన్నెండో వంతులు, ఒక ఆరో వంతులో రెండు పన్నెండో వంతులు ఉంటాయి. కాబట్టి (−3)/4ను పైనా కిందా 3తో, 5/6ను పైనా కిందా 2తో గుణిస్తే:

(−9)/12 + 10/12

ఇక్కడితో భిన్నాల పని అయిపోయింది. మిగిలింది −9కు 10 కలపడం. సంఖ్యారేఖ మీద సున్నా నుంచి రెండు వైపులా పన్నెండో వంతుల గీతలు గీసుకుంటే, ఎడమవైపు తొమ్మిదో గీత దగ్గర మొదలై కుడికి పది గీతలు నడుస్తాం. సున్నాను దాటి ఒక్క గీత ముందుకు వస్తాం. 1/12. హారాలు వేరుగా ఉన్నప్పుడు ఈ నడక సాధ్యం కాదు, రెండు రకాల గీతల్లో అడుగులు లెక్కపెట్టలేం. హారాలు సమానం చేయడమంటే సంఖ్యారేఖ మీద రెంటికీ సరిపోయే గీతలు గీసుకోవడమే.

12 బదులు 24ను ఎంచుకుంటే తప్పా? కాదు. −18/24 + 20/24 = 2/24, కుదిస్తే 1/12. క.సా.గు. అనేది చట్టం కాదు, చాకిరీ తగ్గించే ఉపాయం మాత్రమే. ఆ ఉపాయం పాతదే. 9వ శతాబ్దంలో మహావీరాచార్యుడు తన గణితసారసంగ్రహంలో భిన్నాల హారాలను సమానం చేయడానికి క.సా.గు.ను వాడాడు. పావులూరి మల్లన తెలుగు చేసిన గణిత గ్రంథానికి మూలం ఇదే. ఆ చాకిరీ ఎంత తగ్గుతుందో −7/36 + 11/48 చెబుతుంది. హారాలను గుణించేస్తే 1728 వస్తుంది, లెక్క −336/1728 + 396/1728 అయి, 60/1728 దగ్గర ఆగి, 12తో కుదించుకోవలసి వస్తుంది. అదే క.సా.గు. 144తో చేస్తే −28/144 + 33/144 = 5/144. ఒక్క వరసలో అయిపోయింది.

క.సా.గు. కనుక్కోవడానికి ప్రధాన కారణాంకాలుగా విడగొట్టడం బడిలో నేర్పే దారి. చిన్న హారాలకు అంత అక్కర్లేదు. పెద్ద హారం ఎక్కం చదువుతూ పోతే చాలు: 48ని 36 భాగించదు, 96నీ భాగించదు, 144ను భాగిస్తుంది. అక్కడ ఆగండి. భిన్నాలు మూడు నాలుగు ఉన్నప్పుడు, హారాలు మూడంకెలవి అయినప్పుడు మాత్రం కారణాంకాల దారే నయం.

క.సా.గు. వాడినా జవాబును మళ్లీ కుదించవలసి రావచ్చు, ఇది చాలామందికి ఆశ్చర్యం కలిగిస్తుంది. −1/6కు −3/10 కలపండి. క.సా.గు. 30. −5/30, −9/30 కలిస్తే −14/30, అంటే −7/15. ఎప్పుడు కుదించాలి, ఎప్పుడు అక్కర్లేదు? దీనికి చక్కని సమాధానం ఒకటి ఉంది, ఎందుకో బడి పుస్తకాలు దాన్ని పెద్దగా పట్టించుకోవు. ఇచ్చిన రెండు భిన్నాలూ ముందే కనిష్ఠ రూపంలో ఉంటే, మొత్తంలో కొట్టివేయదగ్గ ప్రధాన సంఖ్య ఏదైనా సరే రెండు హారాల్లోనూ సరిగ్గా అన్నే సార్లు ఉండి తీరాలి. ఒక హారంలో ఎక్కువసార్లు, మరోదానిలో తక్కువసార్లు ఉన్న ప్రధాన సంఖ్య ఎన్నటికీ కొట్టివేతకు రాదు.

కారణం 36, 48లోనే కనిపిస్తుంది. 36లో 3 రెండుసార్లు ఉంది, 48లో ఒక్కసారే. 144కు చేరడానికి 36ను 4తో గుణించాం, అందులో 3 లేదు. −7లోనూ 3 లేదు. కనుక −28ని 3 భాగించదు. 48ని 3తో గుణించాం కనుక 33ని 3 భాగిస్తుంది. భాగించేదాన్ని, భాగించనిదాన్ని కలిపితే వచ్చేదాన్ని 3 భాగించదు. 2 సంగతీ అంతే: 48లో నాలుగుసార్లు, 36లో రెండుసార్లు. −28 సరి, 33 బేసి, మొత్తం బేసి. కాబట్టి 5/144ను ఇంకా కుదించవచ్చేమోనని వెతుక్కోనక్కర్లేదు, కుదరదని ముందే తెలుసు. 4, 6 హారాలకూ ఇదే వర్తిస్తుంది: 2 ఒకచోట రెండుసార్లు, మరోచోట ఒకసారి, 3 ఒకచోట ఉంది, మరోచోట లేదు. 1/12 కదలదు. హారాలకు ఉమ్మడి కారణాంకమే లేనప్పుడు, ఉదాహరణకు 5, 7 లాంటివాటికి, కొట్టివేత ఊసే ఉండదు.

6, 10 సంగతి వేరు. రెంటిలోనూ 2 ఒక్కొక్కసారి ఉంది. పైగా 2 అయితే కొట్టివేత వచ్చి తీరుతుంది, ఎందుకంటే మార్చాక రెండు లవాలూ బేసి సంఖ్యలే అవుతాయి, బేసికి బేసి కలిస్తే సరి. 3 లాంటి వాటికి ఆ హామీ లేదు. −2/3 + 4/15లో −10/15 + 4/15 = −6/15, అంటే −2/5 అయింది. −2/3 + 2/15లో −8/15 దగ్గరే ఆగిపోయింది. రెండుచోట్లా హారాలు అవే. ఈ సూత్రం తెలిస్తే జవాబును కుదించడానికి 2 నుంచి మొదలుపెట్టి అన్నిటితో భాగించి చూసే శ్రమ తప్పుతుంది. హారాల గ.సా.భా.లో (గరిష్ఠ సామాన్య భాజకంలో) ఉన్న ప్రధాన సంఖ్యలను చూస్తే సరి.

గుర్తుల దగ్గరికి వద్దాం. బ్రహ్మగుప్తుడి నియమాలు క్లుప్తమైనవి: రెండు ధనాల మొత్తం ధనం, రెండు ఋణాల మొత్తం ఋణం, ధన ఋణాల మొత్తం వాటి భేదం, రెండూ సమానమైతే శూన్యం. భేదం వచ్చినప్పుడు దాని గుర్తు పరమ మూల్యం (గుర్తు వదిలేస్తే మిగిలే విలువ) పెద్దదైన సంఖ్యది అవుతుంది. బడిలో దీన్నే "పెద్దదాని గుర్తు పెట్టు" అని నేర్పుతారు. పూర్ణ సంఖ్యలకు ఇది చక్కగా సరిపోతుంది. విజాతి భిన్నాల (హారాలు వేరువేరుగా ఉన్నవాటి) దగ్గర మాత్రం ఇదే ముంచుతుంది.

−5/8 + 7/12 తీసుకోండి. ఏది పెద్దది? 7 పెద్దది, 12 కూడా పెద్దదే, కాబట్టి 7/12 పెద్దదనీ జవాబు ధనమనీ చాలామంది చూపుతోనే తేల్చేస్తారు. ఇరవైనాలుగో వంతుల్లోకి మారిస్తే −15/24 + 14/24, జవాబు −1/24. 5/8 వెంట్రుకవాసి పెద్దది. అంటే "పెద్దదాని గుర్తు" అన్న నియమం వాడాలంటే పెద్దది ఏదో తెలియాలి, అది హారాలు సమానమయ్యాకే తెలుస్తుంది. అందుకే జవాబు గుర్తు చివర్లో తేలవలసిన విషయం. −3/4 + 5/6లో −1/12 రాసినవారు చేసింది కూడా ఇలాంటిదే: వరసలో మొదట మైనస్ కనిపించింది కాబట్టి జవాబు ఋణమేనని ముందే నిశ్చయించుకుని, 9కీ 10కీ తేడా ఒకటి అని రాశారు. మైనస్‌ను మొదట్లోనే లవంలోకి దించమన్నాను, గుర్తును చివర్లో తేల్చమంటున్నాను. ఇందులో వైరుధ్యం లేదు. ఇచ్చిన గుర్తు మొదటి నుంచీ లవంతోనే ఉంటుంది. వచ్చే గుర్తును ఊహించకుండా లవాల కూడికకే వదిలేస్తాం.

మరో చిక్కు "మైనస్ మైనస్ ప్లస్" అన్న మంత్రం. ఇది నాకు ఏనాడూ నచ్చలేదు. ఎక్కడ వర్తిస్తుందో చెప్పకుండా ఈ మూడు మాటలనే బట్టీ పట్టిస్తే, −2/5 + (−1/3) చూడగానే రెండు మైనస్‌లు కనబడి 11/15 రాసేస్తారు. −6/15కు −5/15 కలిస్తే −11/15 తప్ప వేరేది కాదు: ఎడమకు ఆరు గీతలు, ఇంకా ఎడమకు ఐదు గీతలు. ఆ మంత్రం రెండు ఋణ సంఖ్యలను గుణించేటప్పుడు, ఋణ సంఖ్యను తీసివేసేటప్పుడు పనికొస్తుంది. తీసివేత అంటే సంకలన విలోమాన్ని కలపడం. కాబట్టి −5/8 − (−7/12) అంటే −5/8 + 7/12, ఇందాక చేసిన లెక్కే, −1/24. తీసివేతలన్నిటినీ ముందే కూడికలుగా మార్చి రాసుకుంటే ఆ తర్వాత మంత్రాలేవీ గుర్తుచేసుకోనక్కర్లేదు.

మిశ్రమ భిన్నాలు వస్తే ఇంకాస్త జాగ్రత్త కావాలి. −2⅓ అంటే ఏమిటి? మైనస్ రెండుకు మూడో వంతు కలిపినదా? కాదు. 2⅓ మొత్తానికి ముందు మైనస్ ఉంది, కనుక అది −2 − 1/3, అంటే −7/3. −2కు 1/3 కలిపితే వచ్చేది −5/3, అది వేరే సంఖ్య. మామూలు రాతలో 2⅓ అన్నప్పుడు 2కీ 1/3కీ మధ్య కనిపించని ప్లస్ ఒకటి ఉంటుంది. ముందు మైనస్ పెట్టగానే ఆ కనిపించని ప్లస్ కూడా కనిపించని మైనస్ అయిపోతుంది. కనబడని గుర్తు మారడాన్ని ఎవరు గమనిస్తారు? అందుకే ఋణ మిశ్రమ భిన్నాలతో కూడిక చేయవలసి వస్తే ముందు అపక్రమ భిన్నాలుగా మార్చుకోమంటాను.

−2⅓ + 1¾ = −7/3 + 7/4 = −28/12 + 21/12 = −7/12

పూర్ణ భాగాలను విడిగా, భిన్న భాగాలను విడిగా కలిపినా జవాబు రావాలి కదా? వస్తుంది, కానీ చివరి మెట్టు దగ్గర జారుడు ఉంది. −2కు 1 కలిస్తే −1. −1/3కు 3/4 కలిస్తే 5/12. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి "మైనస్ ఒకటి పూర్ణం 5/12" అని చదివితే అది −17/12 అవుతుంది. నిజానికి మన దగ్గర ఉన్నది −1 + 5/12, అంటే −7/12. రెండు భాగాలకూ ఒకే గుర్తు ఉన్నప్పుడే వాటిని పక్కపక్కన పెట్టి మిశ్రమ భిన్నంగా రాయవచ్చు.

పూర్ణ భాగం ఋణం, భిన్న భాగం ధనం అయ్యే రాత ఒకప్పుడు గణితంలో రోజూ వాడుకలో ఉండేది. లాగరిథమ్ పట్టికలతో లెక్కలు చేసిన తరానికి అది బాగా గుర్తుంటుంది. 0.02 లాగరిథమ్, అంటే 0.02 రావాలంటే 10కి పెట్టవలసిన ఘాతం, −1.6990. కానీ పట్టికలో 2కు దొరికే విలువ 0.3010 కాబట్టి, దాన్ని −2 + 0.3010గా ఉంచుకోవడమే సౌకర్యం. అలాగని −2.3010 అని రాస్తే అర్థం మారిపోతుంది. అందుకని మైనస్‌ను ముందు పెట్టకుండా 2 నెత్తిన అడ్డగీతగా పెట్టేవారు. ఆ గీత కింద ఉన్నది మాత్రమే ఋణం, దశాంశ భాగం ధనం. మైనస్ ఎంతవరకు వర్తిస్తుందన్న ప్రశ్నకు రాతలోనే జవాబు ఇరికించిన ఏర్పాటు అది. కాలిక్యులేటర్లు వచ్చాక ఆ అడ్డగీతా పోయింది, దానితో పాటు ఆ ప్రశ్న ఉందన్న ఎరుకా కొంత పోయింది.

మొత్తం విషయాన్ని ఒక్క సూత్రంలో కుదించనూ వచ్చు: మొదటి లవాన్ని రెండో హారంతో, రెండో లవాన్ని మొదటి హారంతో గుణించి, గుర్తులతో సహా కలిపి, దాన్ని హారాల లబ్ధంతో భాగించడం. −3/4, 5/6లకు అది (−18 + 20)/24. హారాలకు ఉమ్మడి కారణాంకం లేనప్పుడు ఇదే అన్నిటికన్నా వేగవంతమైన దారి. 36, 48 లాంటి హారాలకు మాత్రం కొండను తవ్వడమే. లెక్కల వేగం కన్నా ఈ సూత్రంలో నాకు ఎక్కువ నచ్చేది వేరే ఉంది. పైన వచ్చేది ఎప్పుడూ పూర్ణ సంఖ్యే, కింద వచ్చేది ఎప్పుడూ సున్నా కాని పూర్ణ సంఖ్యే. అంటే ఏ రెండు అకరణీయ సంఖ్యలను కలిపినా, వాటి గుర్తులు ఏవైనా, మొత్తం మళ్లీ అకరణీయ సంఖ్యే అవుతుంది. సంవృత ధర్మం అని పుస్తకాల్లో ఒక్క వాక్యంలో చెప్పి వదిలేసేదానికి పూర్తి నిరూపణ ఈ సూత్రమే.

భిన్నాలు రెండుకన్నా ఎక్కువ ఉంటే కొత్త సూత్రమేమీ అక్కర్లేదు. −1/2 + 2/3 − 3/8 అయితే 24ను ఉమ్మడి హారంగా తీసుకుని, లవాలను −12 + 16 − 9 అని ఒకే వరసలో రాసి, −5/24 అని ముగించడమే. అయితే క.సా.గు.కు ఎగబడేముందు ఒకసారి వరసంతా చూడటం మంచిది. −5/7 + 5/6 + (−2/7) + 1/6 చూడగానే 42 వైపు పరుగెత్తేవాళ్లు ఎక్కువ. కూడికలో వరస మార్చినా, ఎలా జతలు కట్టినా మొత్తం మారదు కనుక ఏడో వంతులను ఒకచోట చేర్చితే −1, ఆరో వంతులను ఒకచోట చేర్చితే 1. మొత్తం సున్నా. కాగితమే అక్కర్లేదు.

జవాబు వచ్చాక సరిచూసుకోవడానికి దశాంశాలు మంచి తోడు. −3/4 అంటే −0.75, 5/6 అంటే సుమారు 0.83, మొత్తం 0.08 దరిదాపుల్లో ఉండాలి. 1/12 అంటే 0.083. సరిపోయింది. 2/10 అయితే 0.2, −19/12 అయితే −1.58, −1/12 అయితే గుర్తే తిరగబడింది. మూడు తప్పులూ ఒక్క చూపుతో దొరికిపోతాయి. −7/36 సుమారు −0.194, 11/48 సుమారు 0.229, మొత్తం 0.035 దగ్గర, 5/144 కూడా అంతే. ఇదంతా సరిచూడటానికే సుమా, భిన్నాలకు బదులుగా దశాంశాలే వాడుకుందామంటే కుదరదు. 5/6 దశాంశంలో ఎక్కడా ఆగదు. మనం 0.83 దగ్గర కోసేసిన ప్రతిసారీ కొంత పోగొట్టుకుంటాం. −5/8కు 7/12 కలిపినప్పటిలా రెండు భిన్నాలు దాదాపు సమానమై గుర్తులు ఎదురెదురుగా ఉన్నప్పుడు మిగిలేదే కొంచెం, అందులో ఆ పోగొట్టుకున్నది పెద్ద వాటా అయిపోతుంది. −5/8ను −0.6గా, 7/12ను 0.6గా సవరించుకుంటే జవాబు సున్నా అని వస్తుంది!

కంప్యూటర్లకు కూడా ఈ తలనొప్పి తప్పలేదు. అవి సాధారణంగా సంఖ్యలను రెండు ఆధారంగా, పరిమితమైన స్థానాల్లో దాచుకుంటాయి. ఆ పద్ధతిలో పదో వంతు ఆగని దశాంశం లాంటిదే, ఎక్కడో ఒకచోట కోయక తప్పదు. అందుకే చాలా ప్రోగ్రామింగ్ భాషల్లో 0.1కి 0.2 కలిపి అందులోంచి 0.3 తీసేస్తే సున్నా రాదు. దశాంశ బిందువు తర్వాత పదహారు సున్నాలు దాటాక మొదలయ్యే ఒక చిన్న ధన సంఖ్య మిగులుతుంది. కచ్చితమైన జవాబు అవసరమైన చోట ప్రోగ్రాములు లవాన్ని, హారాన్ని రెండు పూర్ణ సంఖ్యలుగా విడివిడిగా దాచుకుని, గుర్తును లవం దగ్గరే ఉంచి, గ.సా.భా.తో కుదించుకుంటూ పోతాయి. అప్పుడు 1/10 + 2/10 + (−3/10) సరిగ్గా 0/1, అంటే సున్నా అవుతుంది.